ముందుగా తీసిన దిమ్మలు

మామ పోయాడన్న కబురు నాకు రుషికొండలో ఒక ఆఫీసు బిల్డింగు డాబా మీద అందింది. అక్కడి ఏసీ ప్లాంటుకి ఫ్యాను బెల్టు మారుస్తున్నాను. చేతుల నిండా గ్రీజు ఉండడంతో మోచేత్తో స్పీకరు నొక్కాను. అవతల మా అక్క.

"ఒరే, ఆపరేటర్ మామ పోనాడ్రా. పొద్దున్న మంచం మీంచి లెగిసి, మల్లీ అలగే ఒరిగిపోనాడంట. బేగి రా" అంది.

బెల్టు బిగించడం పూర్తిచేశాను. మిషను ఆన్ చేసి కాసేపు చూశాను. నిజం చెబుతున్నాను, ఆ సమయంలో నాకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. మాట ఇచ్చి, నిలబెట్టుకోకుండా జారుకున్నాడే అని. పోయినవాళ్ళ గురించి మంచే చెప్పాలంటారు. మామ గురించి చెప్పడానికి మంచి బోలెడంత ఉంది. కానీ మంచి ఒక్కటే చెబితే ఫొటోకి దండ వేసినట్టవుతుంది తప్ప మామని చెప్పినట్టు కాదు. రాయొచ్చా అని అత్తని అడిగాను, అంటే మామ భార్యని. "రాయి. ఐసు గురించి అబద్దం రాత్తే ఆయనకే నచ్చదు" అంది. అందుకే ఉన్నదున్నట్టు రాస్తున్నాను.

మామ అంటే రక్తసంబంధం కాదు. సముద్రం ఒడ్డున మా కాలనీలో ఒకే వీధి వాళ్ళం. చేపల హార్బరు పక్కన ఉన్న ఐసు ఫ్యాక్టరీలో ముప్ఫై ఏళ్ళు ఆపరేటరుగా చేశాడు. కంప్రెసర్ల మోత వల్ల చెవులకి ఎప్పుడూ తువ్వాలు చుట్టుకునేవాడు. ఇంట్లో కూడా గట్టిగానే మాట్లాడేవాడు. పంచదార డబ్బా ఎక్కడుందని అత్తని అడిగితే వీధి చివరివాళ్ళకి కూడా వినపడేది. ఒంటి మీద ఐసు మిషన్లలో వాడే అమోనియా వాసన ఎన్ని సబ్బులు రుద్దినా పోయేది కాదు.

ఐసు తయారుచేస్తున్నానని మామ ఎప్పుడూ అనలేదు. "ఐసు సెయ్యడమంటూ ఏటీ నేదురా అల్లుడా. నీళ్ళల్లో వేడి ఉంటాది. దాన్ని లాగేత్తాం. మిగిలిందే ఐసు" అనేవాడు. మొదటిసారి విన్నప్పుడు నన్ను ఆటపట్టిస్తున్నాడనుకున్నాను. అప్పుడు నన్ను ఫ్యాక్టరీ వెనక్కి తీసుకెళ్ళాడు. అక్కడ ఇనుప గొట్టాల మీద పైనుంచి నీళ్ళు జారుతున్నాయి. "సెయ్యెట్టు" అన్నాడు. నీళ్ళు గోరువెచ్చగా ఉన్నాయి. "ఇదీ ఆ ఐసు దిమ్మల్లోంచి వచ్చిన వేడే. వేడి సావదురా, ఇల్లు మారతాది" అన్నాడు. చలికాలం పొద్దున్నే మా వీధి ఆడవాళ్ళు పిల్లల్ని చంకనేసుకుని, బకెట్లు పట్టుకుని అక్కడికే వెళ్ళేవారు. వేడినీళ్ళ కోసం ఐసు ఫ్యాక్టరీకి వెళ్ళేవాళ్ళు ఇంకెక్కడైనా ఉన్నారో లేదో నాకు తెలీదు.

ఆయనకి లోకమంతా ఇలాగే కనిపించేది. టీ కొట్టులో స్టీలు గ్లాసు ఇస్తే తువ్వాలు చెంగుతో పట్టుకుని, "స్టీలు గ్లాసు సాడీలు సెప్తాదిరా, లోపలున్నదంతా బయటికి సెప్పేత్తాది. గాజు గ్లాసు నయం, కొంత దాసుకుంటాది" అనేవాడు. నా పెళ్ళయిన కొత్తలో పాత ఫ్రిజ్ ఒకటి కొన్నాను. మే నెల ఎండకి తట్టుకోలేక, తలుపులేసుకుని, ఫ్రిజ్ తలుపు బార్లా తీసి దాని ముందు చాప పరుచుకుని కూర్చున్నాం నేనూ మా ఆవిడా. మామ ఏదో పనిమీద వచ్చి చూసి, దగ్గొచ్చేదాకా నవ్వాడు. "ముందర సల్లగా ఉంటాది. ఎనకాల పొయ్యెట్టుకున్నారు, సూడండి" అని నా చెయ్యి పట్టుకుని ఫ్రిజ్ వెనక పెట్టించాడు. చురుక్కుమంది. నెలాఖరుకి వచ్చిన కరెంటు బిల్లు చూసి ఇంకోసారి నవ్వాడు.

ఆ రోజుల్లో నేను మా బావ బోటులో పనిచేసేవాణ్ణి. బావంటే మా అక్క భర్త. బోటు ఆయనదే, నడిపేదీ ఆయనే. పది పన్నెండు రోజులు సముద్రం మీదే ఉంటాం కాబట్టి పట్టిన చేప పాడవకుండా ఒడ్డుకి చేర్చడం అసలు పని. బోటు అడుగున చేపల అర ఉంటుంది. అందులో ఐసూ చేపా సర్దే పని నాది. ఎలా సర్దాలో నేర్పింది మామే. అడుగున ఐసు, మీద వరస చేప, మళ్ళీ ఐసు. చేప చెక్కగోడకి తగలకూడదు. నీళ్ళు పోయే కన్నం మూసుకుపోకూడదు. "ఐసు కరిగిపోతందని ఏడవకు. కరగడమే దాని పని. కరిగితేనే సేపలో వేడి తాగుతాది" అని చెప్పేవాడు. బావ హార్బరులో అందరితోనూ, "మా ఓడు సర్దితే పన్నెండో రోజు కూడా సేప కళ్ళు మెరుత్తాయి" అని గొప్పలు చెప్పుకునేవాడు. నాకు అంతకంటే పెద్ద బిరుదు అక్కర్లేదనిపించేది.

ఎనిమిదేళ్ళ కిందటి మాట. వేసవిలో రెండు నెలలు వేట నిషేధం. అది ఎత్తేసిన రోజు బోట్లన్నీ ఒక్కసారే బయల్దేరతాయి. ప్రతి బోటుకీ ఐసు కావాలి, ప్రతివాడికీ తన బోటే ముందు వెళ్ళాలి. ఆ ముందురోజు గాలివానకి చాలాసేపు కరెంటు పోయింది. ఫ్యాక్టరీ గుమ్మం దగ్గర జాతరలా ఉంది. బావ జనాన్ని తోసుకుంటూ వెళ్ళి, "మామా, మనోళ్ళకి ముందు ఇయ్యి. పరాయోళ్ళ ఎనకాల నిలబెడతావేటి?" అని అరిచాడు. మామ ఒకటికి రెండుసార్లు లోపలికి, బయటికి తిరిగాడు. చివరికి మాకే ముందు ఇచ్చాడు. మామూలుగా ప్రతి దిమ్మనీ వేలి కణుపులతో తట్టి, ఆ చప్పుడు విని గాని బయటికి పంపేవాడు కాదు. ఆ రోజు తట్టలేదు. తొందర కదా అనుకున్నాను. క్రషర్‌లో పడి పొడై వచ్చిన ఐసులో నీరు ఎక్కువగా ఉంది. ఎండ కదా అనుకున్నాను. మిగతా బోట్లవాళ్ళు వరసలో నిలబడి చూస్తుండగా మేం ముందు బయల్దేరాం. ఆ క్షణంలో నాకు గర్వంగా కూడా ఉంది.

ఆరో రోజుకి అరలో ఐసు అడుగంటింది. ఎనిమిదో రోజుకి చేప మొప్పలు రంగు మారాయి. మూత తియ్యగానే కొట్టిన వాసన ఇప్పటికీ నా ముక్కులో ఉంది. అందులో వంజరం ఉంది, టూనా ఉంది, బావ ఎన్నో ఏళ్ళుగా చూడనంత వేట ఉంది. జెట్టీ మీద కొనేవాళ్ళు బుట్టలోకి తొంగి చూసి ముఖం తిప్పుకున్నారు. చివరికి కోళ్ళ దాణాకి పోయింది.

మర్నాడు వలలు బాగుచేసుకునే షెడ్డులో పెద్దల్ని పిలిచాడు బావ. మామని కూడా పిలిపించాడు. "అన్ని బోట్లకీ అదే ఫ్యాక్టరీ ఐసు. మనదొక్కటే ఏల కుళ్ళిపోనాది మామా? నువ్వే సెప్పు" అన్నాడు. అందరూ మామ వంక చూశారు. నేను కూడా చూశాను. మామ తువ్వాలు విప్పి మళ్ళీ చుట్టుకున్నాడు.

"ఐసు బాగానే ఉన్నాది. సర్దడంలో ఏదో తేడా వొచ్చుంటాది" అన్నాడు.

బావ నా వైపు తిరిగి, "ఇంక నా బోటెక్కొద్దు. నా గుమ్మం తొక్కొద్దు" అన్నాడు. అంతే.

అసలు ఘోరం ఏమిటంటే, నేను నమ్మాను. మామ అన్నాడంటే తప్పు నాదే అయ్యుంటుంది. ఆ అరని మనసులో కొన్ని వందల సార్లు విప్పి మళ్ళీ సర్దాను. కన్నం మూసుకుపోయిందా? చేప గోడకి తగిలిందా? ఎక్కడా తప్పు దొరకలేదు. దొరక్కపోతే కనపడని తప్పేదో చేశాననుకున్నాను. బావ ఇల్లు మా ఇంటికి ఆరు గుమ్మాల అవతల. అక్క దొడ్డిదారిన చేపల పులుసు గిన్నెలో పెట్టుకుని వచ్చేది, నిలబడే వెళ్ళిపోయేది. మేనకోడలి పెళ్ళిలో పెళ్ళికూతుర్ని బుట్టలో కూర్చోబెట్టి తీసుకురావాల్సిన మేనమామని నేను. నన్ను పిలవలేదు. బావ తరఫువాళ్ళెవరో బుట్ట పట్టారు. పెళ్ళి మేళం మా ఇంట్లోకి వినపడుతుంటే మా ఆవిడ కిటికీ మూసేసింది.

ఆ పాడురోజుల్లో నన్ను ఆదుకున్నది మామే. వారం తిరక్కుండా ఇంటికి వచ్చి, "సముద్రం పోతే పోనీరా. ఇది నేర్సుకో" అని ఫ్యాక్టరీకి లాక్కెళ్ళాడు. కంప్రెసరు విప్పడం, గ్యాసు ఎక్కించడం, వాల్వు చప్పుడు విని జబ్బు చెప్పడం, అన్నీ దగ్గర కూర్చోబెట్టి నేర్పాడు. నేను తప్పు చేస్తే తిట్టేవాడు కాదు. అందర్నీ తిట్టేవాడు నన్నెందుకు తిట్టడో అని వింతగా ఉండేది. ఆయన నేర్పిన పనితోనే ఇవాళ ఆఫీసుల ఏసీలు చూసుకుంటూ బతుకుతున్నాను. ఉద్యోగం వచ్చిన రోజున వెళ్ళి ఆయన కాళ్ళకి దండం పెట్టాను. మామ గబుక్కున కాళ్ళు వెనక్కి లాక్కున్నాడు. పెద్దమనిషి తీరు అనుకున్నాను.

మొన్న వేసవిలో, వేట నిషేధం నడుస్తుండగా, మామ టేబుల్ ఫ్యానుకి నూనె వెయ్యడానికి వెళ్ళాను. అప్పటికే ఆయన పని మానేసి మూడేళ్ళయింది. అమోనియా పీల్చీ పీల్చీ ఊపిరితిత్తులు దెబ్బతిన్నాయి. మధ్యాహ్నం, కరెంటు లేదు. అరుగు మీద ఇద్దరం చెమటలు కక్కుతున్నాం. ఉన్నట్టుండి మామ అన్నాడు.

"అల్లుడా, ఆ యేడు మీ బోటుకిచ్చిన దిమ్మలు గుల్లవిరా."

నాకు అర్థం కాలేదు. ఆయనే విడమరిచి చెప్పాడు. దిమ్మ బయటినుంచి లోపలికి గడ్డకడుతుంది. పైన గట్టిపడినకొద్దీ ఆ ఐసే దుప్పటిలా అడ్డం పడుతుంది. లోపలి వేడి దాన్ని దాటుకుని రావాలి. అందుకే మొదటి సగం త్వరగా అవుతుంది, నడి గుండెకే గంటలకి గంటలు పడుతుంది. కరెంటు పోవడంతో ఆ రోజు లోపల ఇంకా నీళ్ళే ఉన్నాయి.

"ఇంకో ఆరు గంటలుంచాల. నాకు తెలుసు. మీ బావ గుమ్మం కాడ అరుత్తన్నాడు. మనోళ్ళు గదా అని ముందు మీకే తీసేసినాను. ఎనక నిలబడ్డ పరాయోళ్ళకి గట్టి దిమ్మలు ఎల్లినాయి."

"మరి షెడ్డు కాడ అలగన్నావేటి మామా?"

"ఉద్యోగం పోద్దని బయపడ్డాను. తరవాత సెబుదాంలే అనుకున్నాను. రోజు రోజుకీ పైన గట్టిపడిపోనాది."

నా చేతిలో నూనె డబ్బా ఉంది. అది ఆయన మొహాన కొట్టాలనిపించింది. ఏడేళ్ళ పైచిలుకు నా చేతుల్ని నేనే అనుమానించుకున్నాను. పైగా, నన్ను ముంచినవాడికే నేను దండం పెట్టాను. "నాకు పని నేర్పింది ప్రేమతోనా, పాపబయంతోనా?" అని అడిగాను. మామ చాలాసేపు ఊపిరి తీసుకున్నాడు. "నాకూ తెల్దురా" అన్నాడు. ఇంకేదైనా చెప్పి ఉంటే బహుశా అప్పుడే లేచి వచ్చేసేవాణ్ణి.

నాకు చెప్పి ఏం లాభం, బావకి చెప్పు, నలుగురి ముందూ చెప్పు అన్నాను. ఒప్పుకున్నాడు. నిషేధం ఎత్తేసే రోజున జెట్టీకి వస్తాను, అక్కడే చెబుతాను అని చేతిలో చెయ్యి వేశాడు.

ఆ రోజు తెల్లవారకముందే వెళ్ళి జెట్టీ మీద నిలబడ్డాను. బోట్లకి పసుపూ కుంకుమా పెడుతున్నారు, కొబ్బరికాయలు కొడుతున్నారు. బావ బోటు ఎక్కి నా వైపు ఒకసారి చూసి తల తిప్పుకున్నాడు. ఒక్కో బోటూ డాల్ఫిన్ నోస్ కొండ దాటి వెళ్ళిపోతోంది. చివరి బోటు వెళ్ళేదాకా నిలబడ్డాను. మామ రాలేదు.

ఒకసారి మోసపోతే మోసం చేసినవాడి తప్పు, రెండోసారి మోసపోతే మనదే అంటారు కదా. ఆ రోజు నుంచి ఆయన ఇంటివైపు వెళ్ళడం మానేశాను. అత్త రెండుసార్లు కబురు పెట్టింది. "ఒక్కసారి రమ్మంటన్నాడు బాబూ" అని. మొదటిసారి ఆనందపురంలో పనుంది, ఖాళీ లేదన్నాను. నిజంగా ఖాళీ ఉంది. రెండోసారి ఆ మాట వినగానే ఫోను పెట్టేశాను. ఆ తర్వాత మూడు వారాలకి మా అక్క ఫోను వచ్చింది.

నేను వెళ్ళేసరికి వీధిలో షామియానా వేసి ఉంది. ఒడిశాలోని పారాదీప్‌లో ఉన్న ఆయన కూతురు రైల్లో వస్తోంది కాబట్టి మామని అద్దె ఫ్రీజరు పెట్టెలో ఉంచారు. కుర్చీల్లో కూర్చున్న పెద్దలు మాట్లాడుకుంటున్నారు. "ఆయనిచ్చిన ఐసుతో ఏ బోటూ నట్టపోనేదు, ఒక్కటి తప్పితే" అన్నాడొకాయన. ఆ ఒక్కటీ ఎందుకు నష్టపోయిందో చెప్పగలిగిన మనిషి అద్దం కింద పడుకుని ఉన్నాడు. ఇప్పుడు నేను నోరు విప్పితే శవం మీద నింద వేసినట్టే అవుతుంది.

ఇంతలో అత్త నన్ను చూసి, "బాబూ, పెట్టి సల్లబడతన్నట్టు నేదు, సూడు" అంది. అద్దం లోపల చెమ్మ పట్టింది. చూస్తే పెట్టెని గోడకి ఆనించేశారు. వెనక జాలీ మీద దండలన్నీ కుప్పపోశారు. గాలి పోయే దారి లేదు. దండలు తీసి పక్కన పెట్టాను. పెట్టె జరపాలి, ఒక్కడి వల్ల కాదు. ఎవరైనా పట్టండి అంటే రెండో పక్కకి వచ్చి పట్టినవాడు బావ.

ఎత్తి రెండడుగులు ముందుకి జరిపాం. ఇద్దరం పెట్టెకీ గోడకీ మధ్య ఇరుక్కుని నిలబడ్డాం. మోటారు ఊపందుకుంది. జాలీలోంచి వేడిగాలి ఒక్కసారిగా మా కాళ్ళ మీదికి కొట్టింది.

"ఇదేట్రా, ఇంత వేడి?" అన్నాడు బావ. ఎనిమిదేళ్ళలో నాతో అన్న మొదటి మాట అది.

"లోపలిదే బావా. లాగి బయటికి తోత్తంది" అన్నాను.

బావ నా వైపు ఇంకొంచెం జరిగాడు. తర్వాత నాకు మాత్రమే వినపడేట్టు అన్నాడు.

"మామ నాకు సెప్పేసినాడ్రా. జెట్టీ దాకా నడవలేనని ముందురోజే మా ఇంటికొచ్చినాడు. ఆరు గుమ్మాలు రావడానికి రెండుసార్లు కూసున్నాడు. అంతా సెప్పినాడు. నువ్వెల్లి ఆడిని పిలుసుకురా, మీ ఇద్దరి ముందూ మల్లీ సెప్తాను అన్నాడు. ముందు ఇయ్యమని అరిసింది నానే గదరా. ఏ మొకం పెట్టుకుని నీ కాడికి రాను?"

అంటే జెట్టీ మీద తల తిప్పుకున్ననాటికే బావకి తెలుసు. ఈ రెండు నెలలూ తెలుసు. మామ మాట నిలబెట్టుకున్నాడు. నిలబెట్టుకున్నానని చెప్పడానికే నన్ను రెండుసార్లు పిలిపించాడు. నేను వెళ్ళలేదు. బావ కాలరు పట్టుకోవాలనిపించింది. కానీ బావని ఏమని తిట్టబోయినా ఆ తిట్టు సగం నాకే తగిలేట్టుంది. నా చేతులు పెట్టె మీదే ఉండిపోయాయి.

మెకానిక్కుని కాబట్టి ఉన్నమాట చెప్పాలి. ఆ పెట్టె వెనక వచ్చే వేడిలో ఎక్కువ భాగం మోటారుది, అద్దంలోంచి లోపలికి దూరే పగటి ఎండది. అయినా అందులో ఎంతో కొంత మామ ఒంటిది. అది మా పాదాల మీదుగా, మోకాళ్ళ మీదుగా, బావ లుంగీ అంచు కదిలిస్తూ వీధిలోకి పోతోంది. "ఇవతలికి రండి, అక్కడ కాలిపోతన్నాది" అని ఎవరో పిలిచారు. ఇద్దరం అక్కణ్ణుంచి కదల్లేదు.